విశ్వాసం లేని పిల్ల

"మీరు విన్నదంతా విన్నట్టు చెప్పక్కర్లేదు మాస్టారూ. కాస్త పదును తీసి చెప్పండి. ఆవిడ సంతోషంగా వచ్చి, సంతోషంగా సంతకం పెట్టి వెళ్ళాలి, అంతే. ఆయ్," అన్నాడు ముత్యాలరాజు ముందురోజు ఫోనులో.

మాటల పదును తీయడం యజ్ఞనారాయణకు కొత్త పని కాదు. ముప్ఫై ఏళ్ళు యానాంలో ఫ్రెంచి పాఠాలు చెప్పాడు. రిటైరయ్యాక మామిడికుదురులో ఇల్లు తీసుకున్నా, యానాంలో ఎవరింటికైనా పారిస్ నుంచి కాగితం వస్తే ఆయన దగ్గరికే తెస్తారు. అందులో ఎంత కటువుగా రాసి ఉన్నా ఆయన నోటి నుంచి వచ్చేసరికి అది పలకరింపులా ఉండేది. ఎవరినీ నొప్పించకుండా అరవై ఏడేళ్ళు గడిచిపోయాయి.

ఇప్పుడు వచ్చే మనిషి ఫ్రాన్సులో హరిత పార్టీ కౌన్సిలర్. ఆ దేశపు పడమటి తీరాన ఒక ప్రాంతంలోని హైస్కూళ్ళ భోజనశాలలకు ముత్యాలరాజు ఫ్యాక్టరీ నుంచే రొయ్యలు వెళ్తాయి. ఆ ఒప్పందాన్ని మరో మూడేళ్ళు పొడిగించాలి. సంతకం ఆవిడదే. కళ్ళతో చూసిన తర్వాతే పెడతానని రాసింది.

ఫోను పెట్టేసిన గంటకి పాపాయమ్మ వచ్చింది. ఆ ఫ్యాక్టరీలోనే రొయ్యలు వలిచే పని ఆమెది. యజ్ఞనారాయణ భార్య జ్యోతిర్మయి మంచాన పడ్డ ఆర్నెల్లూ పొద్దున్నే వచ్చి ఒళ్ళు తుడిచి, తల దువ్వి, తర్వాతే డ్యూటీకి వెళ్ళేది. ఎవరూ పిలవలేదు. తనంతట తానే వచ్చింది.

"పంతులుగారండి, మా కాలవ సంగతి ఒక్క ముక్క ఆవిడ చెవినెయ్యండి. తెల్లారగట్ల తూమెత్తేసి, రొయ్య తలకాయలు కడిగిన నీళ్ళన్నీ కాలవలోకి వదిలేత్తన్నారు. చేపలు తేలిపోతన్నాయి. పిల్లలకి ఒళ్ళంతా దద్దుర్లు. మేం చెప్తే ఎవరికర్థమవుద్ది?"

"చూద్దాం పాపాయమ్మా," అన్నాడు.

మా వైపు 'చూద్దాం' అంటే కాదనడానికి మర్యాదైన పేరు. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు. పాపాయమ్మ గుమ్మం దగ్గర జారిపడున్న ఆయన తువ్వాలు తీసి తాడు మీద ఆరేసి వెళ్ళింది.

మర్నాడు రాజమండ్రి విమానాశ్రయంలో ముత్యాలరాజు మేనల్లుడు సురేష్ పూలదండ పట్టుకుని నిలబడ్డాడు. పేరు రాసిన అట్ట యజ్ఞనారాయణ చేతిలో ఉంది. దొరసాని కోసం ఇద్దరూ తలుపు వైపే చూస్తున్నారు. తెల్లగా పొడుగ్గా ఉన్న ఒక యాత్రికురాలి మెడలో సురేష్ దండ వేసేశాడు కూడా. ఆమె దండం పెట్టి, దండతోనే ఎవరిదో కారెక్కి వెళ్ళిపోయింది. ఆ తర్వాత భుజాన సంచితో, నెరుస్తున్న పొట్టి జుట్టుతో ఒకావిడ వచ్చి అట్ట ముందు ఆగింది. మణిపూర్ నుంచి వచ్చిందేమో, దారి అడుగుతుందేమో అనుకున్నాడు యజ్ఞనారాయణ.

"సొలెన్ లెగాల్ నేనే," అంది ఫ్రెంచిలో. "కంగారు పడకండి. మా దేశంలోనూ నా పేరు విన్నవాళ్ళు ఇంకెవరికోసమో వెతుకుతారు."

రావులపాలెం దాటేసరికి ఆవిడ కథ సగం తెలిసింది. పుట్టింది కొరియాలో, బుసాన్ రేవులో. నాలుగో ఏట అనాథాశ్రమం నుంచి ఫ్రాన్సు పడమటి తీరాన బ్రిటనీలో పందుల్ని పెంచే ఒక రైతు ఇంటికి చేరింది. ఆ పెంపకపు ఎరువు వాగుల్లోంచి సముద్రంలోకి దిగి, ఒడ్డంతా పచ్చటి నాచు పేరుకుని కుళ్ళేది. ఎండాకాలం ఆ వాసనకు కిటికీలు తీసేవాళ్ళు కాదట. ఇరవై నాలుగో ఏట బడిపంతులమ్మగా చేరి, తమ ఊరి వాగు నీళ్ళు పరీక్ష చేయించి, హరిత పార్టీ తరఫున సొంత ఊళ్ళోనే నిలబడింది.

"ఎన్ని ఓట్లొచ్చాయి?"

"ముప్ఫై ఒకటి. మా నాన్న ఓటు అందులో లేదు."

రెండోసారి నిలబడ్డప్పుడు ఎవరో ఆమె పోస్టర్ మీద కళ్ళను గీతల్లా సాగదీసి బొమ్మ గీశారు. ఆవిడ పోస్టర్ మార్చలేదు. దాని కిందే పెద్ద అక్షరాలతో 'ఈ కళ్ళతోనే మీ వాగు చూశాను' అని రాయించింది. ఈసారి గెలిచింది. ఆ తర్వాత ప్రాంతీయ సభకు వెళ్ళిన మొదటి ఏడు ఒక సభ్యుడు లేచి, వెళ్ళి మీ దేశం శుభ్రం చేసుకోమన్నాడు.

"మీరేమన్నారు?"

"మా ఊరి పిన్‌కోడ్ చెప్పి కూర్చున్నాను."

యజ్ఞనారాయణ నవ్వాడు. సురేష్ వెనక్కి తిరిగి, "ఏమంటన్నారండీ?" అని అడిగాడు. "మన దారి బాగుందంటున్నారు," అన్నాడు యజ్ఞనారాయణ. అలవాటు అలాంటిది.

ఫ్యాక్టరీ లోపల అంతా తెల్లగా మెరుస్తోంది. కొత్త గ్లవ్స్, కొత్త టోపీలు, తెలుగు ఇంగ్లీషుల్లో కొత్త బోర్డులు. సొలెన్ కాలువ ఎటు ఉందని రెండుసార్లు అడిగింది. ముత్యాలరాజు రెండుసార్లూ భోజనం చల్లారిపోతుందన్నాడు.

భోజనం ఫ్యాక్టరీ ఆవరణలోనే ఉన్న రాజుగారి ఇంట్లో. పండుగప్ప పులుసు, రొయ్యల వేపుడు, నాటుకోడి, వాటి మధ్య ఖాళీ కనపడకుండా ఇంకో పదిహేను రకాలు. యజ్ఞనారాయణకు వేరే గదిలో వేరే వంటమనిషి చేత పనసపొట్టు కూర, కందిపచ్చడి చేయించి, విస్తరి కూడా విడిగా వేయించాడు రాజు. "మాస్టారికి నీసు వాసన తగలకూడదు," అని తనే దగ్గర నిలబడి చూశాడు. ఆ శ్రద్ధకు యజ్ఞనారాయణ మనసు నిజంగానే కరిగింది. జ్యోతిర్మయి పోయాక ఇంకో ముద్ద తినమన్నవాళ్ళు తక్కువ.

తాంబూలాల వేళకు అందరూ వసారాలో చేరారు. వలుపు పనివాళ్ళని ఫోటో కోసం పిలిపించి మెట్ల కింద వరసగా నిలబెట్టారు. ముందు వరసలో పాపాయమ్మ ఉంది. ముత్యాలరాజు లేచి గొంతు సవరించుకున్నాడు.

"మేడంగారి కథ ఇంటర్నెట్టులో చదివేనండి. కన్నవాళ్ళు వదిలేస్తే పరాయి దేశం వాళ్ళు తెచ్చి, పెంచి, ఇంతదాన్ని చేసేరు. పెంచుకున్న పిల్లకుండే విశ్వాసం కన్నపిల్లకుండదండి. అన్నం పెట్టిన చెయ్యి విలువ అలాంటోళ్ళకే తెలుస్తుంది. మా లేబరుకీ అదే చెబుతుంటాను. ఫ్యాక్టరీ రాకముందు వీళ్ళకేముందండి? ఆయ్, ఏముంది?"

ఆ మాటలు ఆయన పొగడ్తగానే అన్నాడు. కళ్ళు కూడా చెమర్చాయి.

"మిమ్మల్ని చూసి గర్వపడుతున్నారట," అన్నాడు యజ్ఞనారాయణ ఫ్రెంచిలో.

సొలెన్ ఆయన వైపు తిరిగింది. "ఆయన నిమిషం మాట్లాడారు. మీరు మూడు మాటలు చెప్పారు. మిగతావి మీ దగ్గరే ఉంచుకున్నారా?"

"మిగతావి... మర్యాద మాటలు."

"మర్యాదలో చుట్టి ఇచ్చినవి యాభై ఏళ్ళుగా తింటున్నాను. నాకు ఉన్నదున్నట్టు కావాలి."

యజ్ఞనారాయణకు భార్య గుర్తొచ్చింది. జ్యోతిర్మయి మేనమామ ఇంట్లో పెరిగిన పిల్ల. ముప్ఫై ఎనిమిదేళ్ళ కాపురంలో నాకిది కావాలని ఒక్కసారీ అడగలేదు. చివరి రోజుల్లో నొప్పి ఎక్కువగా ఉందా అంటే, "మీకే శ్రమ," అనేది. అది ఆమె స్వభావం అనుకున్నాడాయన. ఎంత మంచి మనిషో అని పదిమందికీ చెప్పుకున్నాడు. ఒకరింట అన్నం తిని పెరిగిన పిల్లకు నొప్పి అని చెప్పుకునే హక్కు కూడా లేదని చిన్నప్పుడే నేర్పేశారేమో అని ఇప్పుడు, ఈ వసారాలో, కడుపు నిండాక తోచింది.

రాజు అన్నదంతా అన్నట్టు ఆవిడకు చెప్పాడు. విశ్వాసం, అన్నం పెట్టిన చెయ్యి, లేబరు, ఒక్క ముక్కా వదల్లేదు.

సొలెన్ విని తల పంకించింది. కోపం కనపడలేదు. ఈ పాఠం ఎప్పుడో అప్పజెప్పేసిన మనిషిలా ఉంది.

"ఇప్పుడు నా మాట ఆయనకు చెప్పండి. అందరికీ వినపడేలా."

ఆవిడ ఒక్కో వాక్యం చెప్పి ఆగేది. యజ్ఞనారాయణ ఒక్కో వాక్యం తెలుగులో దింపేవాడు.

"మా ఊరంతా నన్ను విశ్వాసం లేని పిల్ల అంది. పందుల డబ్బుతో చదివి పందుల మీదే పడిందన్నారు. మా నాన్న రెండేళ్ళు నాతో మాట్లాడలేదు. మూడో ఏడు ఒక పొద్దున నా గుమ్మంలో మూత పెట్టిన సీసా ఉంది. అందులో నీళ్ళు. మీద నాన్న రాత. మా పందుల కొట్టం వెనక వాగు పేరు, తారీఖు. పరీక్షకు పంపమని. ఆ నీళ్ళే అన్నిటికన్నా చెడ్డవి. వాగుకి దూరంగా కొట్టం కట్టడానికి నాన్నకు ఐదేళ్ళు పట్టింది. నేను రుణం తీర్చుకున్నది ఆయన అన్నానికి కాదు, ఆ సీసాకి. అన్నం పెట్టినవాళ్ళ తప్పు చూసి ఊరుకోవడం విశ్వాసమైతే, అది నాకు లేదు."

మెట్ల కింద పాపాయమ్మ టోపీ తీసేసింది.

"అయ్యగారండి," అంది రాజుతో, "నేనూ ఒక మాట చెప్తానండి. మీ ఫ్యాక్టరీ లేపోతే మా పిల్ల హేమ ఇంటర్ చదివేది కాదండి, నిజమే. అలాగని తెల్లారగట్ల తూమెత్తితే ఆ నీళ్ళు మేం తాగాలాండి? తాగే నీళ్ళు పక్కూర్నించి సైకిళ్ళ మీద తెచ్చుకుంటన్నాం. పనీ కావాలి, నీళ్ళూ కావాలి. ఒకటిచ్చి ఒకటి పట్టుకుపోతే అది పెట్టడం ఎలాగవుద్దండి?"

"నోరు ముయ్యి. తిన్నింటి వాసాలు లెక్కెట్టడమంటే ఇదే," అన్నాడు సురేష్.

"వాసాలు లెక్కెట్టడానికి నేనేమైనా మీ ఇంటల్లుణ్ణా బాబూ? రొయ్యలు వల్చేదాన్ని," అంది పాపాయమ్మ. వెనక వరసలో ఎవరో కిసుక్కున నవ్వారు.

ముత్యాలరాజు వంగి యజ్ఞనారాయణ చెవి దగ్గర మెల్లగా అన్నాడు. "మాస్టారూ, ఇది మాత్రం చెప్పకండి. మీరు మా ఇంట్లో భోంచేసేరు."

ఆ మాటలో బెదిరింపు లేదు. వేడుకోలు ఉంది. అందుకే అది బరువుగా తగిలింది. ఇంకో రోజైతే యజ్ఞనారాయణ "పనివాళ్ళు కాస్త నీటి ఎద్దడి ఉందంటున్నారు," అని తేల్చేసేవాడు. పాపాయమ్మ ఆయన వైపు చూడటం లేదు. చూద్దాం అన్న మనిషి దగ్గర ఆమెకు ఆశ లేదు.

ఆయన పాపాయమ్మ మాటలన్నీ ఫ్రెంచిలోకి తిప్పాడు. తూము, తెల్లవారుజాము, రొయ్య తలకాయలు, దద్దుర్లు. నిన్న సాయంత్రం తన ఇంట్లో చెప్పినవి కూడా కలిపాడు. చివర, "ఇది మీకు చెప్పొద్దని రాజుగారు అన్నారు. ఆయన ఇంట్లో భోంచేశానని గుర్తు చేశారు. భోజనం చాలా బాగుంది, అదీ నిజమే," అన్నాడు.

సొలెన్ చెప్పులు వేసుకుని మెట్లు దిగి, పాపాయమ్మ పక్కన నిలబడింది. పాపాయమ్మ ముందు, సొలెన్ వెనక, వలుపు పనివాళ్ళంతా వాళ్ళ వెనక, గోడ చుట్టూ తిరిగి కాలువ గట్టుకు నడిచారు. యజ్ఞనారాయణ పంచె కుచ్చిళ్ళు ఎత్తి పట్టుకుని వాళ్ళతో వెళ్ళాడు. తూము దగ్గర నీళ్ళ మీద తెల్లటి నురగ, రొయ్య పొట్టులు, పొట్ట పైకి తేలిన జెల్ల చేపపిల్లలు. పొద్దుట్నించి అందరూ దాచింది ఇంతే. వంద గజాల దూరం.

సొలెన్ చాలాసేపు చూసింది. సంచిలోంచి ఒప్పందం కాగితాలు తీసి, మళ్ళీ లోపల పెట్టేసింది. రాజు రొప్పుతూ వచ్చాక మాట్లాడింది. యజ్ఞనారాయణ ఆవిడ ఎంత నిదానంగా చెప్పిందో అంతే నిదానంగా, గట్టు మీద అందరికీ వినపడేలా చెప్పాడు.

"ఈ రోజు సంతకం లేదు. తూము మూసేసి, నీళ్ళు శుద్ధి చేసే ఏర్పాటు నడిపించి, మూడు నెలల పాటు కాలువ నీళ్ళు పరీక్షకు పంపాలి. నీళ్ళు పట్టేది ఈ ఆడవాళ్ళే, ఫ్యాక్టరీ మనుషులు కాదు. అప్పటిదాకా పాత ఒప్పందం నడుస్తుంది. ఈ మూడు నెలల్లో వీళ్ళలో ఒక్కరి పని తీసేసినా కొత్త ఒప్పందం ఉండదు. ఇది అడగడం కాదు, చెప్పడం."

పుట్టి బుద్ధెరిగాక 'అండీ' లేకుండా యజ్ఞనారాయణ ఒక పెద్దమనిషితో ఇన్ని వాక్యాలు మాట్లాడటం అదే మొదలు.

ముత్యాలరాజు కండువాతో ముఖం తుడుచుకుని ఆయన వైపు తిరిగాడు.

"ఇందులో ఎంత ఆవిడ మాట, ఎంత మీ మాట మాస్టారూ?"

"అంతా ఆవిడ మాటే," అన్నాడు యజ్ఞనారాయణ. "నాదీ అదే."

సురేష్ కారు తాళాలు జేబులో వేసుకుని వెళ్ళిపోయాడు. తిరుగు ప్రయాణానికి కారు లేదని అందరికీ అర్థమైంది. పాపాయమ్మ రోడ్డు మీదికి వెళ్ళి ఆటోని చెయ్యెత్తి ఆపి, వెనక సీటులో ఉన్న ఇద్దరిని ముందుకి జరగమని కేకేసింది.

"పంతులుగారికి మధ్యలో చోటివ్వండర్రా," అంది. "అమ్మగారు అంచునే కూర్చుంటారట. గాలి కావాలంట."

సొలెన్ ఆ మాట అననే లేదు. అయినా యజ్ఞనారాయణ సరిదిద్దలేదు.