మూడు జట్ల సమాఖ్య

2022 అక్టోబరు రెండు, ఆదివారం. సిటీవెస్ట్‌లో దత్తాత్రేయ ఫ్లాట్‌లో జొన్నరొట్టెలు, గోంగూర మటన్ తిన్నాం. నాకు కారం పడదని గుర్తుపెట్టుకుని ఎవరో ఒక గిన్నెలో పెరుగన్నం విడిగా తీసిపెట్టారు. నా భార్య సులోచన పోయాక అడక్కుండా నాకోసం ఎవరైనా ఏదైనా తీసిపెట్టడం అదే మొదటిసారి. పెట్టింది లోకేశ్. ఈ కథలో అతని గురించి చెప్పబోయే తక్కిన సంగతులతో పాటు ఇదీ చెప్పాలి.

ఆ భోజనం దగ్గరే ఐర్లాండ్ తెలుగు ప్రొఫెషనల్ ఫుట్‌బాల్ సమాఖ్య పుట్టింది. జట్లు మూడు, ఇక్కడ మనవాళ్లుండే చోట్ల పేర్లతో: సిటీవెస్ట్, మెయ్‌నూత్, షానన్. జట్టుకు ఐదుగురు.

"క్రికెట్ లీగులు మస్తున్నయ్, ఎవడు పట్టించుకుంటుండు?" అన్నాడు దత్తాత్రేయ. అతను ఐటీ కంపెనీలో మేనేజరు, సిటీవెస్ట్ జట్టు యజమాని, ఐదు నిమిషాల క్రితమే సమాఖ్యకు అధ్యక్షుడయ్యాడు. "మనది ప్రొఫెషనల్ గావాలె. ఆడినోడికి ఫీజు ఇయ్యాలె."

"మూడు టీములకి ఫెడరేషనేంటన్నా?" అని నవ్వాడు ఆ జట్టు కెప్టెన్ లోకేశ్. "పన్లో పని ఐక్యరాజ్యసమితి కూడా పెట్టేద్దాం."

నన్ను కార్యదర్శిని చేశారు. నేను గుడివాడ కాలేజీలో పదకొండేళ్లు చరిత్ర చెప్పి, డాక్టరైన భార్య వెంట ఇక్కడికి వచ్చినవాణ్ణి. పేరు కృపారావు. ఆటగాళ్లకు చాటుగా డబ్బిచ్చి బయటికి లేదని చెప్పడం వల్లే పాతరోజుల్లో క్లబ్బులు పరువు పోగొట్టుకున్నాయని చిన్న ఉపన్యాసం ఇచ్చాను. "ఇచ్చేది దాచకూడదు. మ్యాచ్ కాగానే కవరు, కవరుకో సంతకం" అన్నాను. చప్పట్లు కొట్టారు. ఆ నియమం నాది. గట్టి అట్ట ఉన్న రిజిస్టరు నేనే కొన్నాను, గళ్లు నేనే గీశాను.

మెయ్‌నూత్ గోల్‌కీపర్ శౌరి. తెనాలి దగ్గరివాడు, ముప్పయ్యారేళ్లు. ఒక నర్సింగ్ హోంలో ముసలివాళ్లను లేపి, కడిగి, తినిపించే ఉద్యోగం. వర్క్ పర్మిట్ మీద వచ్చాడు. ఆ పర్మిట్ ఒక్క యజమాని దగ్గర పని చేయడానికే. భార్య, ఏడేళ్ల కూతురు రావడానికి వీసా అర్జీ పెట్టి ఎదురుచూస్తున్నాడు. మంచం మీంచి జారిపోతున్న మనిషిని పట్టుకున్నట్టు పట్టుకునేవాడు బంతిని, రెండు చేతులతో, నెమ్మదిగా, గుండెకు ఆనించి.

మే నెలలో చివరి లీగ్ మ్యాచ్‌లో లోకేశ్ కొట్టిన పెనాల్టీని ఆపాడు. ఆపి, లేచి వెళ్లి, "పర్లేదు బాబూ, మంచి షాటే" అని లోకేశ్ భుజం తట్టాడు. పెనాల్టీ పోవడాన్ని లోకేశ్ భరించగలిగేవాడు. ఆ తట్టడాన్ని భరించలేకపోయాడు.

ఫైనల్ సిటీవెస్ట్‌కీ మెయ్‌నూత్‌కీ పడింది. వారం ముందు దత్తాత్రేయ శౌరిని టీకి పిలిచాడు. రిజిస్టరు తెమ్మని నన్నూ పిలిచాడు.

"రా శౌరీ, కూసో. చాయ్ తాగు."

శౌరి కూర్చున్నాక, అప్పటికే అక్కడున్న లోకేశ్ అందుకున్నాడు. "అన్నా, నీ పర్మిట్ మీద నర్సింగ్ హోం పేరు తప్ప ఇంకోటి లేదు కదా? మరి మ్యాచ్ మ్యాచ్‌కీ మా దగ్గర ఇరవై యూరోలు తీసుకుని సంతకం పెట్టావ్. అదేమవుద్ది? రెండో ఉద్యోగం."

"ఆటకిచ్చిన డబ్బులు గదా బాబూ."

"నేనన్నానా? పుస్తకం అంటోంది. ప్రొఫెషనల్ ప్లేయర్, ఫీజు, సంతకం. అంకుల్ ముత్యాల్లాంటి అక్షరాలతో రాశారు. ఆ పేజీ ఫోటో తీసి పెట్టుకున్నా."

అది నిజంగా నేరమో కాదో ఆ గదిలో ఎవరికీ తెలియదు. లాయరును అడిగితే ఐదు నిమిషాల్లో తేలేదేమో. కానీ ఇక్కడ మనవాళ్లకు పర్మిట్ అన్న మాట వినబడగానే నోరు పడిపోతుంది. అడిగితేనే ఎక్కడో మన పేరు మీద ఫైలు తెరుస్తారని భయం. శౌరి అడగలేదు. నేనూ అడగలేదు.

"సరే సార్. ఫైనల్‌కి రాను" అన్నాడు శౌరి.

"రాకపోతె ఎట్ల?" దత్తాత్రేయ బిస్కెట్ల పళ్లెం అతని ముందుకు జరిపాడు. "నువ్వు లేని మెయ్‌నూత్‌ను కొడితె అదేం గెలుపు? నువ్వు రావాలె. గోల్‌ల నిలబడాలె. నాలుగు వదలాలె. మావోని భుజం తట్టినవు గదా, గా భుజానికన్నమాట."

"మా పాప కాయితాలు వీసా ఆఫీసులో ఉన్నయ్ సార్. ఇప్పుడెవరన్నా ఉత్తరం రాస్తే..."

"ఎవరు రాస్తరు? మేం నీ అన్నలం గాదా? తాగు, చల్లారిపోతాంది."

శౌరి టీ తాగాడు. అంతా తాగి, కప్పు తీసుకెళ్లి సింకులో కడిగి బోర్లించాడు. పని అలవాటు.

కిందికి దిగి లువాస్ ట్రాము స్టాపు దాకా కలిసి నడిచాం. ట్రాము వచ్చే ముందు అన్నాడు: "మాస్టారూ, ఆ పుస్తకం మీ దగ్గరే ఉంటది గదా. నా పేరున్న కాయితాలు చింపెయ్యండి. పోయిందని చెప్పండి. మీ మాట ఎవరూ కాదనరు."

"ఫోటో ఉందంటున్నాడు కదయ్యా" అన్నాను.

అతను తలూపాడు. నేను చెప్పింది కారణమే. దాని వెనక ఇంకొకటుంది: పుట్టి బుద్ధెరిగాక నేను ఒక్క రికార్డులో ఒక్క కాగితం చింపలేదు. చింపని మనిషినని నాకు నేనంటే ఇష్టం.

2023 జూన్ పదకొండున ఫైనల్. మూడు వందల మంది దాకా వచ్చారు. సమాఖ్య ఫేస్‌బుక్ పేజీలో లైవ్ పెట్టారు. "తెనాల్లో మా పాప చూస్తంది మాస్టారూ" అని చెప్పాడు శౌరి గ్లవ్స్ తొడుక్కుంటూ. ఫిర్యాదులా చెప్పలేదు. ఇవాళ వాన లేదన్నట్టు చెప్పాడు.

మొదటి గోలు కాళ్ల మధ్య నుంచి పోయింది. రెండోది చేతుల్లోకి వచ్చి జారింది. గట్టు మీద నుంచి ఒకడు అరిచాడు: "డైపర్లు మార్చే చేతులురా అవి, బంతి ఏం ఆగుద్ది!" ఆడవాళ్లు కూడా నవ్వారు. మూడోదానికి శౌరి కదల్లేదు. అతని జట్టు కుర్రాడు రేవంత్ పరుగెత్తుకొచ్చి ఎదుట నిలబడి, "ఎంతకి అమ్ముకున్నావ్ అన్నా?" అన్నాడు. ఆ తర్వాత లోకేశ్ ఒక్కడే బంతితో వచ్చాడు. గట్టిగా కొట్టలేదు. దొర్లించాడు. బంతి మెల్లగా వస్తుంటే శౌరి దాన్ని చూస్తూ నిలబడ్డాడు. ఆపకుండా ఉండడానికి అతను రెండు చేతులూ వెనక్కి కట్టుకోవలసి వచ్చింది. అది నేను చూశాను. చూసినవాళ్లు ఇంకెవరైనా ఉన్నారేమో తెలియదు.

సిటీవెస్ట్ నాలుగు, మెయ్‌నూత్ ఒకటి. మూడో వార్షికోత్సవానికి సమాఖ్య చరిత్ర రాసిమ్మంటే మొదటి ఛాంపియన్‌షిప్ గురించి నేను రాసిచ్చింది ఈ ఒక్క వాక్యమే.

బహుమతులప్పుడు దత్తాత్రేయ మైకులో, "ఈ సీజన్ బెస్ట్ గోల్‌కీపర్, మన శౌరి!" అన్నాడు. ఈలలు, కేకలు. శౌరి వెళ్లి తీసుకున్నాడు. ఫోటోకు నిలబడమంటే నిలబడ్డాడు. కెమెరా అతను ఇటు చూడమంటే చూశాడు.

కుర్చీలు సర్దుతుంటే లోకేశ్ నా చేతిలోని కుర్చీ అందుకుని, "మీకెందుకంకుల్, నడుం పట్టుద్ది" అన్నాడు.

"ఆ ఫోటో తీసేస్తావా ఇక?" అని అడిగాను.

"ఏ ఫోటో? ఊరికే అన్నానంకుల్. ఆ రిజిస్టరు మీరు ఎవరి చేతికైనా ఇస్తారా అసలు? సంతకం పెట్టేటప్పుడు కూడా మీరే పట్టుకుంటారు. మీకు తట్టలేదా?"

నాకు తట్టలేదు.

రాత్రి ఎనిమిదింటికి శౌరికి డ్యూటీ. అతని జట్టువాళ్లెవరూ కారెక్కించుకోలేదు. నేను తీసుకెళ్లాను. జూన్‌లో ఇక్కడ పదింటిదాకా చీకటి పడదు; ఎండ ఇంకా రోడ్డు మీద పచ్చగా పడుతోంది. పదిహేను నిమిషాలు నడిపాను. తర్వాత చెప్పేశాను. దాచకూడదనుకున్నాను.

"శౌరీ, ఫోటో లేదట."

అతను కిటికీలోంచి బయటికే చూస్తున్నాడు. "మీకెప్పుడు తెలిసింది?"

"ఇందాకే."

"నేను చింపమన్నాను గదా."

"అన్నావు."

అప్పుడన్నాడు: "ఇది నాకు చెప్పకుండా ఉంటే బాగుండేది మాస్టారూ. తప్పలేదులే, పాప కోసమే గదా అనుకుంటా వస్తన్నా ఇందాకట్నించీ. ఇప్పుడు ఊరికే నిలబడ్డట్టయింది."

చెప్పి నా బరువు దించుకున్నాను. అది అతని ఒళ్లో పడింది.

ఏ ఉత్తరమూ ఎవరూ రాయలేదు. సెప్టెంబరులో అతని భార్య, పాప వచ్చారు. వేరేవాళ్లు చెబితే తెలిసింది. శౌరి మళ్లీ ఏ మైదానంలోనూ కనబడలేదు, నా ఫోనూ ఎత్తలేదు.

ఆ సాయంత్రం మాత్రం అతని సంచీ పట్టుకుని నర్సింగ్ హోం లోపలిదాకా వెళ్లాను. వద్దనలేదు. రిసెప్షన్‌లో నర్సు, "ఆల్ గ్రాండ్, శౌరి?" అని కులాసా అడిగింది. "గ్రాండ్" అన్నాడు. చేతులు మోచేతుల దాకా కడుక్కుని, ఏప్రన్ కట్టుకుని, వరండాలో మొదటి గదిలోకి వెళ్లాడు. తలుపు తెరిచే ఉంది. మంచం మీద తొంభై ఏళ్ల ముసలాయన నిద్రపోకుండా కాచుకుని ఉన్నాడు.

"గెలిచారా?" అని అడిగాడు ఇంగ్లిష్‌లో.

"లేదు. నాలుగు వదిలేశాను."

"నాలుగేనా?" ముసలాయన బోసినోటితో నవ్వాడు. "మా ఊరి జట్టులో నేనూ గోల్‌లో నిలబడేవాణ్ణి. ఒకసారి తొమ్మిది పడ్డాయి. మా అమ్మ అన్నం పెట్టింది. అంతే."

శౌరి ముఖంలో ఏదో కాస్త సడలింది. ముసలాయన మెడ కింద చెయ్యి వేసి లేపి, దిండు సరిచేసి, మళ్లీ పడుకోబెట్టాడు. దుప్పటి గడ్డం దాకా లాగాడు. ఎండ కళ్లలో పడకుండా తెరలు దగ్గరికి జరిపాడు. బయటికి వచ్చి, నా వైపు చూడకుండా, పిడి తిప్పి పట్టుకుని, చప్పుడు కాకుండా ఆ రాత్రికి తలుపు మూశాడు.