ఏడో అంతస్తు తలుపు

మా అపార్ట్‌మెంట్ ప్లాన్ గీసింది నేనే. నిజానికి గీసింది ఒక్క అంతస్తే. కింద 'మిగతా పదకొండూ ఇలాగే, తలుపులన్నీ గోధుమ రంగే' అని రాసి, మధ్యాహ్నానికల్లా సంతకం పెట్టించేశాను. ఆఫీసులో అందరూ మెచ్చుకున్నారు. తర్వాత ఏడో అంతస్తులో ఫ్లాట్ కొనుక్కుని, నాన్నతో సహా దిగాం. చేసుకున్నవాడికి చేసుకున్నంత.

నాన్న దర్జీ. నలభై ఏళ్లు మెడలో టేపుతో బతికిన మనిషి. సాయంత్రం నడక లేనిదే ఆయనకు నిద్ర పట్టదు. ఒకరోజు నడిచొచ్చి, లిఫ్ట్‌లో ఏం నొక్కాడో ఏమో, తొమ్మిదిలో దిగాడు. తలుపు తీసే ఉంది. చెప్పులు విప్పి, తన గదే అనుకుని మంచమెక్కి పడుకున్నాడు. ఆ ఇంటావిడ వంటింట్లోంచి వచ్చి కేక పెట్టింది.

ఆవిడ తప్పేం లేదు. తర్వాత మంచినీళ్లిచ్చి తనే దిగబెట్టింది కూడా. అపార్ట్‌మెంట్ సెక్రటరీ మాత్రం పెద్దాయన్ను ఒంటరిగా వదలొద్దని చెప్పి వెళ్లాడు. నాన్నకు తల కొట్టేసినట్టయింది. పది రోజులు గడప దాటలేదు. తోడొస్తానన్నా వద్దన్నాడు. కూరలో ఉప్పు తగ్గినా కిమ్మనకుండా తినేస్తుంటే నా భార్యకు భయమేసింది.

మతిమరుపేమో, డాక్టరుకు చూపిద్దామా అని అడిగాను.

"నా మతికేం కాలేదురా. పన్నెండు మందికి ఒకే కొలతతో చొక్కాలు కుట్టి, ఎవరిది ఏదో గుర్తుపట్టమంటే ఎలా?"

మర్నాడే సెక్రటరీ దగ్గరికి వెళ్లాను. తలుపు రంగు మారుస్తానంటే సెక్రటరీ రూల్ ఒప్పుకోదని ప్లాన్ తీసి చూపించాడు. అందులో ఉన్నది నా చేతిరాతే. సిగ్గుతో చచ్చిపోయాను. నోటీసిస్తే ఇచ్చుకోనీ అనుకుని, తిన్నగా దుకాణానికెళ్లి ఆకుపచ్చ రంగు డబ్బా కొన్నాను.

ఆదివారం పొద్దున ఒక పూత, మధ్యాహ్నం ఇంకో పూత వేశాను. నాన్న కుర్చీ వేసుకుని చూశాడు. సాయంత్రం చెప్పులేసుకుని ఒక్కడే దిగాడు.

గంట దాటినా రాలేదు. లిఫ్ట్ చప్పుడైంది, కానీ మా అంతస్తు దాటి పైకి పోయింది. నేను లేవబోతే నా భార్య చెయ్యి పట్టుకుని కూర్చోబెట్టింది. కాసేపటికి మెట్ల మీద అడుగులు వినిపించాయి. తలుపు తోసుకుని నాన్న వచ్చాడు, అరచెయ్యంతా ఆకుపచ్చ.

"మళ్లీ తొమ్మిదిలోనే దిగా. రంగు చూసి మనది కాదని మెట్లు దిగొచ్చా. అయినా తడి ఆరకముందే మనిషిని బయటికి పంపిస్తావా, బుద్ధుందా నీకు?"

ఆ తిట్టుకు నాకు ఏడుపొచ్చింది. ఆయన మాత్రం చెయ్యి తుడుచుకోడానికి పాత గుడ్డ ఎక్కడుందని కోడల్ని కసురుతున్నాడు.