పదం పట్టే గొంతు

పెళ్ళయిన కొత్తలో కళ్యాణికి ఒక సరదా ఉండేది. టెక్కలిలో నర్సింగ్ చదివిన పిల్ల కదా, మొగుడి గొంతు మీద వేలు పెట్టి పాఠం చెప్పేది.

"ఇదుగో ఈ ముడి, థైరాయిడ్ మృదులాస్థి. రెండు రేకులు ముందుకొచ్చి కలుత్తాయి. దీని కింద ఉంగరంలాగున్నది క్రికాయిడ్. లిగమెంట్లు వీటిని ఇడిపోకుండా పట్టుకుంటాయి."

"మా అయ్య పడవ సెక్కల్ని కొబ్బరితాడుతో కుట్టీవోడు, అలగా?" అనేవాడు సన్యాసి.

"అదే మావా!" అని పకపకా నవ్వేది.

అక్కుపల్లి సముద్రపు ఒడ్డున పెద్దవల లాగేటప్పుడు పదం పట్టేది, అంటే లాగుడు పాట ఎత్తుకునేది, సన్యాసే. అతడు అందుకుంటే వల రెండు తాళ్ళ దగ్గరి జనమూ ఒక్క ఊపున వెనక్కి జరిగేవారు. ఆ గొంతు విని మురిసిపోయి చేసుకుంది కళ్యాణి. కానీ ఆ గొంతులో తన పేరు మాత్రం ఇంకా వినలేదు. పెళ్ళాన్ని పేరుపెట్టి పిలవడం ఆ ఇంట్లో లేదు. "ఓలే" అనడమే.

"పిల్లలు పుట్టాక పిలుత్తాన్లే," అనేవాడు.

గొంతు బొంగురుపోతే ఉప్పుగాలి అనుకున్నారు. "పదం పట్టీవోడికి గొంతు పోదేటి? అదే వత్తాది," అన్నాడు సన్యాసి తండ్రి పైడయ్య. నెలలు గడిచినా రాలేదు. క్యాన్సర్ పుండు మృదులాస్థిని తినేసిందనీ, స్వరపేటిక మొత్తం తీసెయ్యాలనీ విశాఖలో డాక్టరు చెప్పాడు. సన్యాసి భార్య వంక చూశాడు. ప్రతి ముక్కా పేరుతో సహా తెలిసిన కళ్యాణి, ఈసారి పాఠం చెప్పలేకపోయింది.

ఆపరేషన్‌కు బయల్దేరే పొద్దున అతణ్ణి ఒడ్డుకు తీసుకెళ్ళి, పడవ అంచున ఫోను పెట్టి రికార్డింగ్ నొక్కింది.

"నా పేరు సెప్పు మావా. ఒక్కపాలి."

"సిగ్గేత్తందే," అని గరగరమంటూ నవ్వి, గొంతు సవరించుకున్నాడు.

అంతలో అవతల వల అడ్డం తిరిగింది. నీటివాలు దాన్ని పక్కకు ఈడ్చేస్తోంది. ఒక తాడు వాళ్ళు లాగితే రెండో తాడు వాళ్ళు వదిలేస్తున్నారు. పైడయ్య మోకాళ్ళ మీద పడి నీళ్ళలోకి జారిపోతున్నాడు.

"పదం పట్టండ్రా ఎవడైనా!" అని తాడు దగ్గర ఎవరో అరిచారు.

సన్యాసి పరుగెత్తాడు. చీలిన గొంతుతోనే అందుకున్నాడు. జనం సర్దుకున్నారు. కళ్యాణి కూడా ఏడుస్తూ తాడు పట్టింది. వల ఒడ్డెక్కేసరికి అందులో గుప్పెడు నెత్తళ్ళున్నాయి. సన్యాసి నోట గాలి తప్ప ఏమీ రావడం లేదు.

అతడు ఫోను దగ్గరికి వచ్చి పెదాలు కదిపాడు. మళ్ళీ కదిపాడు. కళ్యాణి అతడి గొంతు మీద వేలు పెట్టింది. ముడి లేచింది, దిగింది. దాని కింద ఏ అదురూ లేదు.

పలాస స్టేషన్‌కు తీసుకెళ్ళే ఆటో ఒడ్డు దగ్గరికి వచ్చి నిలబడింది.