పూతరేకులో మాత్ర

మా జాకీకి మందు పెట్టింది మా తోడికోడలే. ఈ మాట నేను బయట ఎవరితోనూ అనలేదు. మా ఆయనతో మాత్రం అన్నాను, ఆయన చెవిన పెట్టలేదు. "నీకు శ్రీదుర్గ మీద కోపం. మధ్యలో కుక్కనెందుకు లాగుతావు?" అని కండువా దులుపుకుని, కొబ్బరికాయలు లారీకి ఎక్కించాలంటూ అంబాజీపేట వెళ్ళిపోయారు.

కోపమా! ఉండదూ మరి? అన్నదమ్ములు ఇల్లు పంచుకున్నప్పుడు బావి మా వైపే ఉండాలని నేను, తమ వైపే ఉండాలని తను. ఆ రోజు పోయిన మాటలు మళ్ళీ రాలేదు. నట్టింట్లో గోడ కట్టేశారు. కాయలు రాశి పోసే దొడ్డి ఒక్కటే ఉమ్మడిగా మిగిలింది. జాకీని పంచుకోవాలని ఎవరికీ తోచలేదు. అది పొద్దున మా గుమ్మంలో తిని, సాయంత్రం దొడ్డి మీదుగా వాళ్ళ గుమ్మంలోకి పోయేది.

దానికీ వయసైపోయింది పాపం. వెనక కాళ్ళు పట్టేసి లేవలేకపోతుంటే కొత్తపేటలో పశువుల డాక్టరు ఆనందరావు గారికి చూపించాను. ఆయన కీళ్ళ నొప్పికి మాత్రలు ఇచ్చారు. రోజూ పెరుగన్నంలో కలిపి పెట్టేదాన్ని. నాలుగడుగులు వేయడం మొదలుపెట్టింది కూడా. అది రెండువేల మూడు వేసవి. ఒళ్ళంతా గోక్కుని పుండ్లు చేసుకుంటుంటే వేపనూనె రాశాను, దురదా తగ్గింది. నా హస్తవాసి మంచిదే అనుకుని మురిసిపోయాను.

అలాంటిది ఉన్నట్టుండి అన్నం ముట్టడం మానేసింది. వాంతులు. విరేచనం చూస్తే నల్లగా, రోడ్డుకి పోసే తారులా జిగటగా ఉంది. ఎవరో ఏదో పెట్టారు. ఎవరో ఏమిటి, దానికి తిండి పెట్టేది మేమిద్దరమేగా!

ఆ సాయంత్రం దొడ్డిలో కాయల రాశి చాటున నిలబడ్డాను. అనుకున్నట్టే వచ్చింది శ్రీదుర్గ. అటూ ఇటూ చూసి, కొంగు చాటు నుంచి ఏదో తీసి జాకీ నోటికి అందించింది. పూతరేకు! వాళ్ళ పుట్టిల్లు ఆత్రేయపురం, ఇంట్లో డబ్బాలకు డబ్బాలుంటాయి. గోడ కట్టాక నాకు చిన్న ముక్క తుంపి ఇచ్చిన పాపాన పోలేదు, కుక్కకి ఏకంగా పూతరేకా! అతి వినయం ధూర్త లక్షణమని ఊరికే అన్నారా? జాకీ కాసేపు నోట్లో ఉంచుకుని కింద పడేసింది. తను "తినరా నాన్నా, తిను" అని బతిమాలి, కళ్ళొత్తుకుంటూ లోపలికి పోయింది. ఏం నటనమ్మా, అనుకున్నాను.

వెళ్ళి విప్పి చూద్దును కదా, మడతల మధ్య తెల్ల మాత్ర. దొరికావే శ్రీదుర్గా!

తెల్లారగానే జాకీని ఆటోలో వేసుకుని, ఆ మాత్రని కాగితంలో పొట్లం కట్టి ఆనందరావు గారి దగ్గరికి పరిగెత్తాను.

"ఇదిగోనండి విషం. మా తోడికోడలు పెట్టింది. నా కళ్ళతో చూసేనండి" అన్నాను.

ఆయన మాత్రని తిప్పి చూశారు. జాకీ పెదవి ఎత్తి చూస్తే చిగుళ్ళు పాలిపోయి ఉన్నాయి. పొట్ట నొక్కితే మూలిగింది.

"దీనికి దురదేమైనా ఉండేదాండి?"

"ఉండేదండి. నేను వేపనూనె రాస్తే పోయింది."

"వేపనూనెకి అంత తొందరగా పోదండి" అన్నారు నవ్వకుండా. "ఇది దురదకిచ్చే స్టీరాయిడు మాత్రేమోనని నా అనుమానం. అదీ మంచి మందే, నేనిచ్చిన కీళ్ళ మాత్రా మంచిదే. రెండూ కలిపి పెడితే మాత్రం కడుపులో పుండ్లు పడి రక్తం కారుతుందండి. ఆ రక్తమే నల్లగా పోతోంది."

నేను జాకీ తల ఒళ్ళోకి తీసుకున్నాను.

"కీళ్ళ మాత్ర ఈ పూట నుంచే ఆపేయండి. కడుపుకి ఇంజక్షను నేను చేస్తాను. ఆ రెండోదేంటో, ఎప్పట్నుంచి పెడుతున్నారో నాకు తెలియాలి. చాలా రోజులు వాడితే దాన్ని ఉన్నపళంగా ఆపకూడదు, అదీ ప్రమాదమే. మీ తోడికోడలు గారినడిగి రండి."

"మాకు మాటల్లేవండి."

"మాటల్లేవని కూర్చుంటే కుక్క దక్కదండి" అన్నారాయన.

జాకీని ఆయన దగ్గరే వదిలి, మాత్ర పొట్లం పట్టుకుని తిరిగొచ్చాను. దారంతా నాలో నేనే గొణుక్కున్నాను. ముందు నేనెందుకు అడగాలి? చెప్పకుండా పెట్టింది తను కదా! పోనీ నేను చెప్పి పెట్టానా? ఛీ, ఈ మనసొకటి, నోరు మూసుకోదు.

గోడ కట్టాక వాళ్ళ గుమ్మం ఎక్కడం అదే మొదలు. తలుపు తీసిన శ్రీదుర్గ పక్కకి తప్పుకోలేదు.

"జాకీ ఏదండి?" అంది.

"ఆసుపత్రిలో ఉంది. నువ్వు పూతరేకులో పెట్టింది ఏం మాత్ర?"

తన ముఖం జేవురించింది. "నన్నడుగుతున్నారా అక్కయ్యగారూ? మీరు పెడుతున్నదేంటండి?" అని లోపలికెళ్ళి అగ్గిపెట్టె ఒకటి తెచ్చి నా ముందు తెరిచింది. అందులో అరిగీ అరగని మాత్ర, దానికి ఎండిపోయిన పెరుగు మెతుకులు. నా కీళ్ళ మాత్రే. "మొన్న మా గుమ్మంలో కక్కింది. దాచేను. మా ఆయన్ని అమలాపురం పంపి పరీక్ష చేయిద్దామనుకున్నాను. మీరే ఏదో పెట్టి చంపేస్తున్నారని..."

తన చేతిలో అగ్గిపెట్టె, నా చేతిలో పొట్లం. నాకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి.

"కీళ్ళ నొప్పికే తల్లీ, డాక్టరుగారిచ్చేరు. నీదేంటో చెప్పు ముందు. అక్కడ దాని ప్రాణం మీదికొచ్చింది."

"దురదకండి. రాజోలులో చూపించేను. చేదుకి ఉమ్మేస్తోందని రేకులో చుట్టి..." మాట పూర్తి చేయకుండానే మాత్రల అట్ట తీసుకుని, చెప్పులు కూడా వేసుకోకుండా ఆటో ఎక్కేసింది.

ఆనందరావు గారు అట్ట చూశారు. నెల పైనే వాడుతోందని విని తలూపారు. "దీన్ని కొంచెం కొంచెంగా తగ్గించుకుంటూ ఆపుదాం. కీళ్ళ సంగతి కడుపు మానాక చూద్దాం. ఇక మీద ఒకరు పెట్టేది రెండోవారికి తెలియాలండి. బతుకుతుందా అంటే, రక్తం ఆగాలి. విరేచనం రంగు చూస్తూ ఉండండి."

జాకీని ఇంటికి తెచ్చుకున్నాం. అప్పట్నుంచి అది దొడ్డిలోకి పోతే వెనకాలే ఇద్దరం. ఊరు నవ్వితే నవ్వింది. నలుపు చూసిన ప్రతిసారీ ఒకరి ముఖం ఒకరం చూడలేక లోపలికి పోయేవాళ్ళం. ఒక పొద్దున శ్రీదుర్గ కేక వేసింది.

"అక్కయ్యగారూ, రండి! గోధుమ రంగే కదండీ?"

వంగి చూశాను. నమ్మకం చాలక కళ్ళజోడు పెట్టుకుని మళ్ళీ చూశాను.

"ఆయ్" అన్నాను.

తను నన్ను పట్టుకుని భోరుమంది. నేను మాత్రం తక్కువ ఏడ్చానా! జాకీ మా ఇద్దరినీ వింతగా చూసి, కుంటుకుంటూ నీడలోకి పోయి పడుకుంది.

"ఉండండి, పూతరేకు తెస్తాను" అని కళ్ళు తుడుచుకుంటూ లోపలికి పరిగెత్తింది శ్రీదుర్గ.

"మాత్ర లేనిది చూసి తే" అన్నాను.