ఒక రాత్రికి రెండు నెలలు

పన్నెండో గడి దగ్గర వంటవాడి వేలు ఆగిపోయింది.

“గుమాస్తా గారూ, ఇక్కడింత సొమ్ము రాసుందేంటి? నాకిదెప్పుడిచ్చారు?”

“ఇచ్చాం, నువ్వు తిన్నావు. నిరుడు కొండ మీది పై పోస్టులో నాలుగు నెలలు వండిపెట్టావు కదా, ఆ నాలుగు నెలల జీతమది. దాని మీద పన్ను లేదు. అందుకని విడిగా చూపించాం.”

“అయితే ఇంకా రావలసింది కాదా?”

“కాదు.”

“హుఁ! చూడగానే ప్రాణం లేచొచ్చింది. మీరు మళ్ళీ కూలేశారు.”

వరుసలో నిలబడ్డవాళ్ళు నవ్వారు. గుమాస్తా నవ్వలేదు. తడి స్పాంజి మీద బొటనవేలు అద్ది, తరవాతి ఫారం తీసి కటకటాల కింది సందులోంచి అవతలికి తోశాడు. యాభై దాటిన మనిషి. బక్కపలచన. ముద్రల సిరా పట్టి కుడిచేతి రెండు వేళ్ళూ ఎప్పుడూ ఊదారంగులోనే ఉంటాయి, ఎంత తోమినా పోదు. సిపాయిగా చేరి ముప్పై ఏళ్ళైనా తుపాకీ పట్టింది మొదటి ఏడాదే. మిగతాదంతా ఈ జీతాల గదిలోనే గడిచింది. బీరువాల వెనక తడిసి పొక్కిన గోడ, మోచేతులు రాసి రాసి నున్నబడిన కౌంటరు చెక్క, ఒక రెక్క వంకరపోయిన ఫ్యాను. ఏటా జీతం–పన్ను ఫారాలు పంచే రెండు వారాలూ ఆ గదిలో ఊపిరాడదు.

పక్క కౌంటర్ల వాళ్ళు ఫారం విసిరి, సంతకం తీసుకుని, “తరవాత!” అంటారు. ఈయన మాత్రం ప్రతి సిపాయికీ గడి గడీ చూపించి చెబుతాడు. మొత్తం జీతం ఇది, కోసుకున్న పన్ను ఇది, పై పోస్టులో ఉన్న నెలల జీతం ఇది. అర్థమైందా? కాలేదా? మళ్ళీ చెబుతా విను. అందుకే ఆయన్ని గడులాయన అంటారు. ఆయన వరుస ఎప్పుడూ మిగతావాటికి రెట్టింపు పొడుగు.

చాదస్తం అనుకుంటారు. చాదస్తం కాదు. ఆయనకో తమ్ముడుండేవాడు, ఇదే దండులో ట్రక్కు డ్రైవరు. ఫారం చేతికిస్తే చదివేవాడు కాదు. “నువ్వున్నావు కదన్నయ్యా, మళ్ళీ నాకెందుకు చదవడం?” అని ఎక్కడ చూపిస్తే అక్కడ సంతకం గీకి పోయేవాడు. పదకొండేళ్ళ కిందట, నవంబరు ఒకటో తేదీ పొద్దున, మంచు పడి మూసేసిన కొండదారిలో వాడి ట్రక్కు లోయలోకి జారిపోయింది.

విచారణ జరిగింది. ఆ రోజు ట్రక్కును ఎవరు పంపారో తేలలేదు. లాగ్‌బుక్కు ట్రక్కుతో పాటే పోయింది. పోస్టులో ఉన్నవాళ్ళు మంచులో ఏమీ కనబడలేదన్నారు. అనుమతి లేకుండా మూసిన దారిలో బండి నడిపాడనీ, డ్రైవరు నిర్లక్ష్యమే కారణమనీ రాసి ఫైలు కట్టేశారు. దండు గేటు పక్కన విధి నిర్వహణలో పోయినవాళ్ళ పేర్లు చెక్కిన నల్లరాయి ఉంది. దాని మీద వాడి పేరు లేదు. ఆ పేరు అక్కడికి ఎక్కించడమొక్కటే ఇప్పుడు గుమాస్తాకి మిగిలిన పని. దాంతో పాటు ఇంకొకడి పేరు మట్టిలో కలపాలి. ఈ రెండోదే ఆయనకు ఎక్కువ ఇష్టం.

ఆ ఇంకొకడు సరఫరాల అధికారి. దండులో ఆయనకు ఒకటో తారీఖు దొర అని పేరు. పై పోస్టులో ఒక్క రోజున్నా ఆ నెల జీతమంతటికీ పన్నుండదని నియమం. చలిలో చావుకు తెగించి కూర్చునే సిపాయిల కోసం పెట్టిన నియమమది. దొరగారు దాన్ని బాగా చదువుకున్నాడు. నెలాఖరు రోజు సాయంత్రం తనిఖీ పేరుతో పైకెళ్ళేవాడు. రాత్రి పడుకుని ఒకటో తేదీ పొద్దున దిగేవాడు. ఒక రాత్రికి రెండు నెలల పన్ను మిగిలేది.

విచారణలో ఆయన ఇచ్చిన వాంగ్మూలం నకలు చనిపోయినవాడి ఇంటివాళ్ళకు కూడా అందింది. “నేను అక్టోబరు ముప్పై ఒకటి సాయంత్రమే కిందికి దిగాను. ఒకటో తేదీన పై పోస్టులో లేను. ట్రక్కు సంగతి నాకు తెలియదు.” గుమాస్తా కూడా అది నమ్మాడు. నాలుగు నెలల తరవాత ఇదే కౌంటరు వెనక కూర్చుని ఆ ఏటి ఫారాలు టైపు చేస్తుంటే దొరగారి కాగితం వచ్చింది. పన్నెండో గడిలో అక్టోబరు ఉంది. నవంబరూ ఉంది. నవంబరులో ఆయన పైన ఉన్నది ఏ రోజు? తరవాత మూడు రోజులకు తమ్ముడి ఫారం వంతు వచ్చింది. ట్రక్కు కింది డిపో జాబితాలోది కాబట్టి వాడి పన్నెండో గడిలో సున్నా పెట్టాలి. ఆ సున్నా గుమాస్తా తన చేత్తోనే కొట్టాడు.

వెళ్ళి పెద్ద గుమాస్తాకి చెప్పుకున్నాడు. “టైపు తప్పంటాడు, దిద్దించుకుంటాడు. నీ ఉద్యోగం పోతుంది. అంతే జరిగేది,” అన్నాడాయన. నిజమే. దొరికితే దొంగ, దొరక్కపోతే దొర. గుమాస్తా నోరు మూసుకుని కూర్చున్నాడు. పాము పన్నెండేళ్ళు పగబడుతుందంటారు. ఈయన పదకొండేళ్ళు గడులు చెబుతూ కూర్చున్నాడు.

నిరుడు పైనెవరికో బుద్ధి పుట్టి కొత్త నియమం తెచ్చారు. పదవీ విరమణ చేసే ప్రతి ఒక్కరూ పాత ఏళ్ళ ఫారాలన్నీ మళ్ళీ తీయించుకోవాలి. పన్ను మినహాయింపు పొందిన ప్రతి నెలకీ ఏ రోజు ఎక్కడున్నారో సొంత చేతిరాతతో రాసి సంతకం పెట్టాలి. సరఫరాల అధికారికి ఈ నెలాఖరుతో ఉద్యోగం సరి. ఈ రోజు పన్నెండింటికి వస్తానని కబురు పెట్టాడు. గుమాస్తా పొద్దున గది తెరవగానే, అందిన కాగితాలకు నంబర్లు వేసే రాకల రిజిస్టరులో ఎర్ర గీత గీసి, ఆ వరుస నంబరు ఖాళీగా ఉంచాడు.

పన్నెండుంపావుకి వచ్చాడు. మనిషి వయసుకు తగ్గట్టు బరువెక్కాడు. కౌంటరు ముందు నిలబడకుండా పక్క తలుపు తోసుకుని లోపలికొచ్చి, టోపీ తీసి పక్క కుర్చీలో పెట్టి, ఇంకో కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

“ఏమయ్యా, ఈ కాగితాలు నాకర్థం కావు. ఎక్కడ సంతకాలు పెట్టాలో చెప్పు, పెట్టేసి పోతా.”

“చదివి పెట్టండి సార్. నేను చెబుతాను.”

చెప్పాడు. వరుసగా ఏడేళ్ళవి చెప్పాడు. ఏ గడినీ వదల్లేదు. దొర ఆవులిస్తూ రాశాడు, సంతకాలు పెట్టాడు. ఎనిమిదో కాగితం తమ్ముడు పోయిన ఏడాదిది. గుమాస్తా దాన్ని ఆయన ముందుకు జరిపాడు.

“ఈ ఏడాదిలో రెండు నెలలున్నాయి సార్. అక్టోబరు, నవంబరు. నవంబరు వద్దనుకుంటే కొట్టేయొచ్చు. ఆ నెల పన్ను ఇప్పుడు కట్టేస్తే సరిపోతుంది.”

ఇంత దారి ఎందుకిచ్చాడో గుమాస్తాకే తెలియదు. వాడు ఆ దారిలో పోకూడదని మాత్రం ఒళ్ళంతా కోరుకుంది.

“కొట్టేయడమెందుకు? ఉన్నాను కదా పైన!” దొర నవ్వాడు. “ముప్పై ఒకటి సాయంత్రం ఎక్కాను, ఒకటి పొద్దున దిగాను. అప్పట్లో అందరికంటే ముందు నేనే కనిపెట్టానయ్యా ఈ ఉపాయం.”

“అయితే అలాగే రాయండి సార్. ఎందులో దిగారో కూడా రాయాలి.”

“ట్రక్కులో.”

“ఎవరు నడిపారు సార్?”

“ఎవడో డ్రైవరు. పదకొండేళ్ళయింది, ఎవడికి గుర్తు?” దొర రాస్తూనే ఉన్నాడు.

“దింపాక ట్రక్కు ఏమైందని పన్నువాళ్ళు అడుగుతారు సార్. ఆ రోజు దారి మూసేసి ఉంది.”

“నేనే మళ్ళీ పైకి పంపాను. నా ఫ్లాస్కు మర్చిపోయాను, తెమ్మన్నాను.”

గుమాస్తాకి ఒక్కసారిగా చెవులు దిబ్బళ్ళు పడ్డాయి. ఇన్నేళ్ళూ ఆయన ఏవేవో ఊహించుకున్నాడు. మందులో, ముఖ్యమైన కాగితాలో, ఎవరో జబ్బు మనిషో అనుకున్నాడు. ఫ్లాస్కు అని ఏ రోజూ అనుకోలేదు.

“అది కూడా రాయండి సార్,” అన్నాడు.

రాశాడు. “ఒకటో తేదీ ఉదయం ట్రక్కులో దిగి, మరచిన ఫ్లాస్కు కోసం ట్రక్కును తిరిగి పైకి పంపాను.” కింద సంతకం, తేదీ. ఆ వాంగ్మూలం సంగతి ఆయనకు గుర్తే లేదు. అది ఆయన నటించడం కాదు, నిజంగానే మర్చిపోయాడు. గుమాస్తాకి అన్నిటికంటే అదే మండింది.

కాగితం తీసుకుని ముద్ర వేశాడు. రిజిస్టరులో ఎర్ర గీత పక్కన వివరం రాసి, నంబరు కాగితం మీదకెక్కించాడు. ఒకసారి నంబరు పడ్డాక కాగితాన్ని చింపాలంటే దండు అధిపతి తరం కూడా కాదు. అప్పుడు సొరుగు లాగి, మడతల దగ్గర చిరుగుతున్న పాత వాంగ్మూలం నకలు తీసి దొర ముందు పరిచాడు.

దొర చదివాడు. మళ్ళీ చదివాడు.

“రెండూ మీ సంతకాలే సార్. అప్పుడు చెప్పింది అబద్ధమా, ఇప్పుడు రాసింది అబద్ధమా?”

“ఎవరు నువ్వు?”

“ఆ డ్రైవరు అన్నని.”

దొర తలుపు వైపు చూశాడు. గొంతు తగ్గించాడు. “చూడు, పాత సంగతి. నీకేం కావాలో చెప్పు. ఆ కాగితం ఇటివ్వు.”

“ఇస్తాను. వాడి పేరు చెప్పండి.”

“ఏంటి?”

“మా తమ్ముడి పేరు సార్. మీ కోసం చచ్చినవాడి పేరు. సరిగ్గా చెప్పారంటే ఈ కాగితం మీ ముందే చింపి, నంబరు పడ్డ కాగితం చింపినందుకు జైలుకి నేను పోతాను.”

దొర నోరు తెరిచాడు. పెదవులు ఏదో అక్షరం కోసం వెతుక్కున్నట్టు రెండుసార్లు కదిలాయి. బల్ల మీది వాంగ్మూలంలో చూశాడు. అందులో అంతా “డ్రైవరు” అనే ఉంది. అది ఆయన చెప్పిన మాటే. నుదుటి మీంచి చెమట కారి కంట్లోకి దిగింది. గుమాస్తా తొందరపెట్టలేదు. సిపాయిలకి గడులు చెప్పేటప్పుడు ఆగినట్టే ఆగాడు. ఆ నిమిషం ఆయనకు సంతోషంగా ఉంది. అంత సంతోషం పెళ్ళినాడు కూడా కలగలేదు. అందుకాయన సిగ్గుపడనూ లేదు.

“కాగితం రెండు కాపీలు పోతుంది సార్,” అన్నాడు చివరికి. “ఒకటి పన్ను ఆఫీసుకి, ఒకటి విచారణ విభాగానికి. మిగతా ఏళ్ళవి రేపొచ్చి పెట్టండి.”

దొర లేచాడు. కుర్చీకి కాలు తగిలి తూలి, గోడ పట్టుకుని నిలదొక్కుకున్నాడు. వట్టి తలతో, ఎవరి వందనాలూ అందుకోకుండా, సిపాయిల వరుస పక్కనుంచి వెళ్ళిపోయాడు. వరుసలో ఒకడు చెయ్యెత్తబోయి, ఎందుకో దించుకున్నాడు.

నాలుగింటికి వరుస పలచబడింది. దండు క్యాంటీన్‌లో సరుకులు తూచే మరదలు తన ఫారం కోసం వచ్చింది. గుమాస్తా ఆమెను లోపలికి రమ్మని తలుపు తీశాడు. ఆమె ఫారం పక్కన పెట్టి, ముందు ఆ కాగితం చేతిలో పెట్టాడు.

“చదువమ్మా. వాడి తప్పేం లేదని ఆయనే రాసిచ్చాడు. ఇక రాయి మీద పేరెక్కుతుంది.”

ఆమె నిలబడే చదివింది. పదకొండేళ్ళుగా ఆ నిర్లక్ష్యపు డ్రైవరు పెళ్ళామని అనిపించుకున్న మనిషి. ఏడుస్తుందనుకున్నాడు, దండం పెడుతుందనుకున్నాడు. ఆమె చివరి వాక్యం దగ్గరే ఆగిపోయింది.

“ఫ్లాస్కు కోసమా బావగారూ?”

గుమాస్తా తల ఊపాడు.

“ఆ పొద్దున ఫోను చేశాడు. పనైపోయింది, ఇంకో గంటలో ఇంట్లో ఉంటానన్నాడు. మరి మళ్ళీ పైకెందుకెళ్ళాడో...” కాగితం మళ్ళీ చూసింది. “ఇన్నాళ్ళూ నాతోనే అబద్ధం చెప్పాడనుకున్నాను. ఎన్ని తిట్టుకున్నానో.”

ఆమె కూర్చోవడానికి చోటు చూసింది. గుమాస్తా తన కుర్చీ ఇచ్చాడు. ఆయనకు మధ్యాహ్నం నుంచి నోట్లో ఉన్న తీపంతా పోయింది, పగ మాత్రం పోలేదు. కాగితం కాపీలు రెండూ కవర్లలో పెట్టి అంటించి, టపా సంచీవాడికి అప్పగించాడు.

“అది ఎవరిది?” అందామె పక్క కుర్చీ వైపు చూసి.

“దొరది. మర్చిపోయాడు.”

“తెమ్మని ఎవరినైనా పంపుతాడేమో.”

గుమాస్తా రిజిస్టరు మూసి తాళాలు తీసుకున్నాడు.

కుర్చీలో టోపీ వెల్లకిలా పడి ఉంది, లోపలి తోలుపట్టీ మీద చెమటకు చెరగకుండా చిక్కటి సిరాతో పెద్ద పెద్ద అక్షరాల్లో రాయించుకున్న పేరుతో.