చెట్టు వాయిదాలు వినదు

జమ్మికుంట సంతకు పోయే బాట మీద, అందరూ చూస్తుండగా, కల్లు కంట్రాక్టరు మనుషులు మా తోటి గీతగాడు ముత్తయ్య కల్లు లొట్లను రాళ్లకేసి పగలగొట్టారు. పక్కన నిలబడ్డ ఆబ్కారీ జవాను తాపీగా బీడీ ముట్టించుకున్నాడు. చెట్టెక్కేది మేము, పడి నడుములు విరగ్గొట్టుకునేది మేము, హక్కు మాత్రం వేలం పాడినవాడిదట! ఆ కోపంతోనే గీత కార్మికులం సొసైటీ పెట్టుకున్నాం. లైసెన్సు మాకే ఇవ్వమని కరీంనగర్ ఆఫీసులో దరఖాస్తు పెట్టాం.

ఆ వెంటనే తప్పు చేశాం. దరఖాస్తు సర్కారు చేతిలో ఉండగా చెట్టెక్కితే మన కేసు చెడుతుందని అధ్యక్షుడు లింగమూర్తి అంటే, మేమూ తలలూపి చెట్టెక్కే మోకులు గోడకు తగిలించాం. తాటిగెల రోజూ గీస్తేనే కల్లు పారుతుంది, వదిలేస్తే ఎండుతుంది. పుట్టినప్పటి నుంచీ ఇది తెలిసిన మేమే సర్కారును నమ్మి కూర్చున్నాం. ముందుగా పారే పోతుతాళ్ల, అంటే మగచెట్ల గెలలు ఎండాయి. కంట్రాక్టరు పక్క ఊళ్ల కల్లు తెచ్చి దర్జాగా అమ్ముకున్నాడు. ఆఫీసుకు పోతే సాబు క్యాంపులో ఉన్నాడనేవారు, సాబు దొరికితే విచారణలో ఉందనేవాడు. ఇవ్వం అన్నా బాగుండేది, కొట్లాడటానికి ఒక మాటైనా దొరికేది.

వకీలు సత్తార్ సాబు హైదరాబాదు పెద్దకోర్టులో రిట్టు వేయించాడు. గెలిచాం. డప్పులు మోగాయి, లింగమూర్తి మెడలో దండ పడింది. మర్నాడు సత్తార్ సాబే వచ్చి చెప్పాడు.

"జర ఆగుండ్రి. కోర్టు లైసెన్సు ఇయ్యలే. ఇస్తరో ఇయ్యరో తేల్చుమని సర్కారుకు చెప్పింది, గంతే."

సర్కారు అదీ తేల్చలేదు. ఇంకా గడువు కావాలని కోర్టునే అడిగింది. అప్పటికి వాటి తర్వాత పారే ఆడచెట్లు, పండుతాళ్లు గెలలు వేశాయి. మీటింగులో లింగమూర్తి మళ్లీ కోర్టుకే పోదామన్నాడు. పడుచువాళ్లు అతని మీద విరుచుకుపడ్డారు. కల్లు అమ్మే భూమవ్వ లేచింది.

"కోర్టుకు పో బిడ్డా, వద్దంటలేను. గని చెట్టు వాయిదాలు వింటదా? ఇయ్యాల గీయకుంటే ఏ జడ్జి చెప్పినా గా గెల పారది. మోకులు తియ్యుండ్రి."

తెల్లవారి మొదట మోకు భుజాన వేసుకున్నది లింగమూర్తే. పట్టపగలు అందరం ఎక్కాం. పోలీసులు వచ్చి, లైసెన్సు లేకుండా ఎట్లా ఎక్కారని అరిచారు.

"లైసెన్సు ఇస్తరా, ఇయ్యరా? గది చెప్పుండ్రి, దిగుతం," అన్నాడు లింగమూర్తి పైనుంచి.

పోలీసులు చెట్ల కిందే కాపలా కాశారు. సాయంత్రం మమ్మల్ని దింపి, కొట్టి, లారీ ఎక్కించారు.

గీతగాడు మంచం పడితే తోటివాళ్లు అతని చెట్లు గీసి, ఆ కల్లు అతనింట్లో పోయడం మా రివాజు. మర్నాడు పొద్దున్నే పక్క ఊరి రాయమల్లు చుట్టుపక్కల ఊళ్ల గీతగాళ్లను వెంటేసుకుని మా తాటివనంలోకి వచ్చాడు. నిన్నటిదాకా కంట్రాక్టరుకు కల్లు పోసినవాళ్లే వాళ్లంతా. కాపలా జవాను అడ్డం నిలబడి, ఈ చెట్లు ఎవరివని అడిగాడు.

"జైల్ల ఉన్నోళ్లయి," అని రాయమల్లు చెట్టెక్కాడు.

ఆ కల్లంతా మా ఇళ్లవాళ్ల కోసం అమ్మమని భూమవ్వ ముంగిట దించారు. సత్తార్ సాబు జైలుకు వచ్చి ఈ సంగతి చెబుతుంటే మాకు ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చాయి. ఆ రోజు కంట్రాక్టరు దుకాణానికి ఏ ఊరి నుంచీ చుక్క కల్లు పోలేదు.