సామాన్ల దగ్గర మనిషి

పెర్సిస్ తిట్లయినా పడుతుంది గానీ ఒక్క మాట మాత్రం పడదు. "నువ్విక్కడ కూర్చో అమ్మాయ్, సామాన్లు చూస్తుండు." పడదన్న సంగతి కడుపులోనే పెట్టుకుని నలభై ఏళ్ళుగా కూర్చుంటూనే ఉంది, అదీ విచిత్రం.

మూడో ఏట జ్వరమొచ్చి ఎడమకాలు సన్నబడిపోయింది. అమలాపురంలో ఉన్నప్పుడు చర్చివాళ్ళు పాపికొండలకి లాంచీ కట్టించుకుని వెళ్తే, ఒడ్డున చెప్పులూ క్యారియర్లూ చంటిపిల్లల పాలసీసాలూ ఈ పిల్ల చుట్టూ గుట్టపడేవి. ఖతర్ వచ్చాక గోదావరి పోయి ఇసక వచ్చింది, అంతే తేడా. ఈద్ సెలవులకి తెలుగు ప్రార్థన ఫెలోషిప్‌వాళ్ళంతా కేరింతలు కొడుతూ ఇసకతిన్నెలెక్కితే కింద చాప మీద బిర్యానీ గిన్నెకి కాపలా ఎవరు? పెర్సీ ఉందిగా! సాయంత్రం దిగొచ్చి, "ఫోటోలు చూపిస్తాంగా" అని ఫోన్లు ఆమె ముఖం ముందు పెట్టేవాళ్ళు. పాపం, ప్రపంచమంతా ఆమె ఆ ఫోన్లలోనే తిరిగింది. మెత్తనివాళ్ళను చూస్తే మొత్తబుద్ధి అని పెద్దలు ఊరికే అన్నారా!

మనిషి చేతకానిదైతే పోనీ అనుకోవచ్చు. దోహా మెసైమీర్‌లో స్కూలు ఆఫీసు ఆమె సెలవు పెడితే ఒక్క పూట నడవదు. పెళ్ళి కాలేదు, కావాలని ఆమె ఎవర్నీ దేబిరించనూ లేదు. అల్ తుమామాలో అన్న సువార్తరావు ఇంట్లోనే ఒక గది. సువార్తరావు గ్యాస్ కంపెనీలో సూపర్‌వైజరు, ఫెలోషిప్‌లో పెద్ద. భార్య సామ్రాజ్యం, కూతురు షెరిన్. మంచివాళ్ళే. అయితే మంచివాళ్ళతోనే అసలు చిక్కు, వాళ్ళమీద కోపం తెచ్చుకోడానికి కూడా మనకి మొహమాటం.

ఈసారి జూలై సెలవులకి ఇంటిల్లిపాదీ న్యూజిలాండ్ అనుకున్నారు. షెరిన్ ఫోన్లో ఒక లోయ చూపించింది. నేలలోంచి పొగలు, సలసల కాగే చెరువులు, నీళ్ళేమో ఆకుపచ్చ, గట్లేమో పసుపు. అడవిలో కాలిబాట పట్టి నడిచిపోతే అడుగున పెద్ద సరస్సు. అక్కడ పడవెక్కితే ఆవిర్లు కక్కే కొండల కిందనుంచి తిప్పి తీసుకొస్తారట.

"అత్తా, ఇది చూడు. దారంతా పల్లమే. ఎక్కేది లేదు. కిందనుంచి మళ్ళీ పైకి బస్సు వేస్తారు."

పెర్సిస్ ఫోను తన చేతిలోకి లాక్కుంది. ఎక్కేది లేదా? అంటే తనలాంటి కాలు కోసమే దేవుడు ఏటవాలుగా పరిచిన దారన్నమాట.

"నేను నడుస్తాను" అంది.

సువార్తరావు టీ కప్పు దించాడు. "నీకెందుకమ్మాయ్ ఆ తిప్పలు? పైన కాఫీ హోటలు ఉంటుంది. హాయిగా కూర్చో, సామాన్లు చూస్తుండు. మేం నడిచి, బోటెక్కి వచ్చేస్తాం. నువ్వొస్తే బోటు అందదు. ఫోటోలు చూపిస్తాంగా."

"నా టికెట్ నా జీతంతో కొనుక్కున్నానన్నయ్యా. కాపలా కాయడానికి కాదు."

"ఏవిటా మొండితనం!" అంది సామ్రాజ్యం. "కాలు మడత పడితే ఆ దేశంలో నిన్నెవరు మోస్తారు?"

"మోయమని ఎవర్నైనా ఎప్పుడైనా అడిగానా వదినా?"

ఆ శుక్రవారం వాళ్ళింట్లోనే ప్రార్థన కూటం. గోదావరి క్రైస్తవుల ఇళ్ళలో ఒక సులువుంది. ఎవరినైనా మొహంమీద తిడితే ఎదురు తిడతారు. అదే ప్రార్థనలో తిడితే? తల వంచుకుని, కళ్ళు మూసుకుని, చివర్లో ఆమేన్ కూడా చెప్పాలి. సువార్తరావు ఆ సులువు బాగా ఎరిగినవాడు.

"ప్రభువా, మా ఇంట్లో కొందరికి తమ బలహీనత తమకే తెలియట్లేదు తండ్రీ. అందర్నీ ఇబ్బంది పెట్టే ఆ మొండితనం తీసెయ్యి నాయనా. తగ్గింపు మనసు దయచెయ్యి..."

పెర్సిస్‌కు ఒళ్ళు మండిపోయింది. అన్న ఊపిరి తీసుకునే సందులో తనే అందుకుంది.

"ప్రభువా, మా అన్నయ్యకి రెండు మంచి కాళ్ళిచ్చావు, నీకు స్తోత్రం. రెండు చెవులు కూడా ఇచ్చావు, అవి తెరువు తండ్రీ. నేను ఆ లోయ నడుస్తాను. నడవలేక పడిపోతే అక్కడే లేవనెత్తు. పడతానేమోనని ముందే కూర్చోబెట్టకు. ఆమేన్."

"ఆమేన్!" అన్నారు అందరూ అలవాటు కొద్దీ, గట్టిగా. అన్నవాళ్ళలో సువార్తరావు కూడా ఉన్నాడు. తర్వాత నాలుక కరుచుకున్నాడు గానీ, ఏం లాభం?

చెప్పడం తేలికే, చేసి చూపించాలిగా. దోహా చూస్తే బల్లపరుపు. పల్లం దిగడం నేర్చుకోవాలంటే పల్లమే లేని ఊరు. వెతగ్గా వెతగ్గా స్కూలు కింద కార్లు దిగే ర్యాంపు కనిపించింది. డ్యూటీ అయ్యాక, అట్ట మందంగా వేయించిన బూటు ఎడమకాలికి తొడుక్కుని దాని మీద దిగడం మొదలుపెట్టింది. సెక్యూరిటీ రాజన్న పరుగెత్తుకొచ్చాడు. అతనిది జగిత్యాల వైపు.

"అక్కా, ఇది గాడీలు దిగే తొవ్వ. మనుషులు నడువరాదు."

"దోహాలో ఇంకెక్కడైనా పల్లముంటే చూపించు రాజన్నా, అక్కడికే పోతాను."

రాజన్న టోపీ తీసి తల గోక్కున్నాడు. "యాడుంటదక్కా, ఊరంత చపాతి లెక్కనే ఉండే. అయినా గీ ఎండల నీకెందుకీ గోస?"

సంగతి చెప్పింది. విన్నాడు. విని, ర్యాంపు మొదట్లోకి పోయి చేతులు చాపి నిలబడ్డాడు. "నువ్వు నడువక్కా. గాడొస్తే నేనాపుత. ఎవడేమంటడో నేను జూస్త. యల్లా, నడువు!"

సెలవులు వచ్చేదాకా ఆ ర్యాంపు మీద దిగుతూనే ఉంది. మొదట గోడ పట్టుకుని, తర్వాత గోడ వదిలి, చివరికి రాజన్నతో కబుర్లాడుతూ. ఏసీ గదుల్లో ఎప్పుడూ చచ్చినట్టు చల్లగా పడుండే కాలు రాత్రిళ్ళు సలపడం నేర్చుకుంది. సలపనీ. సలుపుతోందంటే బతికున్నట్టేగా.

న్యూజిలాండ్‌లో అప్పుడు చలికాలం. లోయ పైన టికెట్ల ఆఫీసూ కాఫీ హోటలూ ఒక్కటే గది. సువార్తరావు బోటు టికెట్లు కొని, అలవాటు ప్రకారం చెల్లెలి చేతిసంచిలో పడేశాడు. అందరి పాస్‌పోర్టులూ, వదిన షుగరు బిళ్ళలూ ఉండేది ఎప్పుడూ ఆ సంచిలోనే. పెద్ద బ్యాగులు ఆమె పక్క కుర్చీల్లో పేర్చాడు.

"బాత్‌రూమ్‌కి వెళ్ళొస్తాం, ఒక్క నిమిషం చూస్తుండు."

పెర్సిస్ చూస్తూ కూర్చుంది. బూటు తాళ్ళు బిగించుకుంది. మళ్ళీ బిగించుకుంది. ఎంతకీ రారు. కౌంటరు దగ్గర మరీహా అని పేరు బిళ్ళ పెట్టుకున్న పెద్దావిడ ఈమెను చూసి అడిగింది. "మీవాళ్ళు వెనక తలుపునుంచి ఎప్పుడో దిగిపోయారే. మీకు కాలు నొప్పి, తర్వాత బస్సులో వస్తారని ఆయన అమ్మాయికి ఇంగ్లీషులో చెబుతుంటే విన్నాను. మీరు వెళ్ళరా?"

ఒక్కసారిగా కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి. దుఃఖం కాదు, అవమానం. నలభై ఎనిమిదేళ్ళ మనిషిని, చంటిపిల్లని మిఠాయి చూపించి మరిపించినట్టు మరిపించి పోయారు! లేచి వెంటనే వెళ్ళిపోవాల్సింది. కానీ లేవలేదు. ఎందుకు లేవలేదో తెలుసా? సామాన్లున్నాయి మరి! సామాన్లొదిలి ఎలా వెళ్తుంది? ఆ బుద్ధి ఎముకల్లోకి ఇంకిపోయింది. తన మీద తనకే రోత పుట్టింది, అయినా కుర్చీ వదల్లేదు.

అలాగే ముప్పావుగంట దాటాక కౌంటరు మీది వైర్‌లెస్ గరగరమంది. మరీహా విని నవ్వింది.

"కింద పడవ దగ్గర ముగ్గురున్నారట. టికెట్లు లేవట. పైన చెల్లెలి సంచిలో ఉన్నాయి, ఆమెను బస్సులో పంపండి అంటున్నారు. వాళ్ళ పడవ ఇప్పుడే వెళ్ళిపోయింది, తర్వాతి దానికి గంట పైన పడుతుంది. మీరు ఊఁ అంటే బస్సు కూడా అక్కర్లేదు, టికెట్లు కొన్నారని నేనే చెప్పేస్తాను."

పెర్సిస్ సంచి వైపు చూసింది. నాలుగు టికెట్లు. నువ్వొస్తే బోటు అందదు అన్నాడు కదూ అన్నయ్య?

"వద్దు" అంది. "టికెట్లు నడిచి వస్తున్నాయని చెప్పండి."

"నడిచా?"

"నడిచే. నలభై ఏళ్ళు నేను కూర్చున్నానమ్మా. ఒక్క గంట వాళ్ళని కూర్చోనివ్వండి."

మరీహా ఆమె బూటు చూసింది, ముఖం చూసింది, వైర్‌లెస్ అందుకుంది. పెర్సిస్ చేతిసంచి ఒక్కటే భుజాన వేసుకుంది. పెద్ద బ్యాగులు కుర్చీల్లోనే ఉన్నాయి. తలుపు దాకా వెళ్ళి ఒకసారి వెనక్కి చూసింది. చూసి, వెళ్ళిపోయింది.

మొదటి మలుపులోనే కుళ్ళిన కోడిగుడ్ల కంపు గుప్పుమంది. తాటిచెట్టంత ఎత్తు ఫెర్న్ చెట్లు. వాటి సందుల్లోంచి కిందికి చూస్తే చెరువు మొత్తం పొగ. గాలి తోసినప్పుడల్లా పొగ పక్కకి జరిగి అడుగున నీళ్ళు ఉడుకుతూ కనిపించాయి. ఫోటోలో ఈ చప్పుడు లేదు. ఈ కంపు లేదు. ఈ ఆవిరి ముఖానికి తగిలి చెంపలు తడవడం ఏ ఫోటోలో ఉంది? "దొంగముండాకొడుకుల్లారా, ఇన్నాళ్ళూ నాకు చూపించింది ఇందులో పావలా వంతు కూడా కాదు" అని గట్టిగానే అంది. తెలుగు కాబట్టి పక్కనుంచి పోయే దొరసాని చిరునవ్వు నవ్వి హలో చెప్పింది.

సగం దారిలో కాలు మొండికేసింది. తుంటినుంచి మడమదాకా నిప్పు పెట్టినట్టుంది. వేడివాగు పక్కన బల్ల మీద కూలబడింది. సరిగ్గా అప్పుడే బస్సు వచ్చి ఆగింది. డ్రైవరు తలుపు తీశాడు. "ఎక్కుతారా మేడమ్?"

ఎక్కాలనిపించింది. దాచుకోవడమెందుకు, నిజంగానే ఎక్కాలనిపించింది. లోపల మెత్తటి సీట్లు. ఎక్కితే ఎవరూ తప్పు పట్టరు, పైగా "మేం చెప్పలేదూ" అని జాలిపడతారు. ఆ జాలి తలుచుకోగానే బస్సు తలుపు వైపునుంచి మొహం తిప్పేసుకుంది. ఎడమ బూటు విప్పి, మేజోడుతో పాదం నేలకి ఆనించింది, ఒక్క క్షణం ఊరట కోసం. నేల వెచ్చగా ఉంది! అడుగునుంచి వేడి పైకి పాకి, పిక్క దాకా వచ్చింది. ఊహ తెలిసినప్పటినుంచి ఆ పాదం ఒక్కరోజు కూడా దానంతటది వెచ్చబడలేదు. పెర్సిస్ అక్కడే ఏడ్చేసింది.

"మేడమ్?" అన్నాడు డ్రైవరు.

"వెళ్ళు నాయనా" అంది కళ్ళు తుడుచుకుంటూ ఇంగ్లీషులో. "నేను నడిచే మనిషిని."

మొండివాడు రాజుకన్నా బలవంతుడంటారు. ఆ మిగిలిన దారి నడిచింది కాలు కాదు, ఆ మొండితనమే. రాళ్ళున్నచోట రాజన్న ర్యాంపు గుర్తొచ్చేది. "నువ్వు నడువక్కా, గాడొస్తే నేనాపుత." గాడీలు లేవు, పెద్ద పెద్ద పొగమేఘాలున్నాయి, అవే పక్కకి తప్పుకున్నాయి.

చివరి మలుపు తిరిగేసరికి సరస్సు. రేవులో చెక్కబల్ల మీద ముగ్గురూ బుద్ధిగా, వరసగా కూర్చునున్నారు. షెరిన్ ముందు చూసింది. "అత్తా! నడిచే వచ్చేశావా! నీకు కాలు నొప్పని నాన్న చెప్పాడు..." అంటూ ఎదురు పరుగెత్తుకొచ్చి వాటేసుకుంది. సామ్రాజ్యం బల్ల మీద జరిగి చోటిచ్చింది.

పెర్సిస్ కూర్చోలేదు. సంచి తెరిచి వదిన చేతిలో షుగరు బిళ్ళలు పెట్టింది. ఒక టికెట్ షెరిన్‌కి, ఒకటి వదినకి ఇచ్చింది. మూడోది చేతిలో పట్టుకుని అన్న ముందు నిలబడింది. పడవ అప్పుడే రేవుకి చేరుకుంటోంది.

సువార్తరావు చూపు ఆమె భుజం మీదినుంచి వెనక్కి పోయింది. ముఖం పాలిపోయింది. "అమ్మాయ్... సామాన్లేవి?"

"పైన. కుర్చీల్లో."

"ఎవరు చూస్తున్నారు?"

"ఎవరూ చూడట్లేదు."

"అయ్యయ్యో! నా లాప్‌టాప్ ఉందే అందులో! అలా వదిలేసి ఎలా వచ్చావే?"

పెర్సిస్ మూడో టికెట్ అన్న చేతిలో పెట్టి, వేళ్ళు మూసింది.

"అంత భయంగా ఉంటే బస్సుంది, పైకెళ్ళి కూర్చో అన్నయ్యా" అంది. "ఫోటోలు చూపిస్తాంగా."

పడవవాడు చెయ్యందించాడు. పెర్సిస్ ఆ చెయ్యి పట్టుకుని ముందుగా ఎక్కి, అన్నిటికంటే ముందు వరసలో, కొండల పొగలు ముఖానికి తగిలేచోట నిలబడింది. వెనక సువార్తరావు ఎక్కాడో లేదో తిరిగి చూడలేదు.